గుంబుళికం వడ్డించిన కోడలు

కిట్టూ, హాసినీ, గుంబుళికం అంటే ఏమిటో చెప్పండి చూద్దాం? ఊఁ, ఆలోచించండి. తెలీదా? మంచిది. తెలీదని ఒప్పుకున్నవాళ్ళకి పూర్తి మార్కులు. ఇప్పుడు వినండి.

అనగనగా, అంటే మీ అమ్మా పుట్టలేదు, నేనూ పుట్టలేదు, అప్పుడు ఒక ఊళ్ళో ఒక రాజు. ఆయనకి మీసాలెక్కువ, పని తక్కువ. ఒకనాడు తలంటుకుంటుంటే కుంకుడు నురగ కళ్ళలో పడి, ఆయన నోట్లోంచి 'గుంబుళికం' అని ఊడిపడింది. ఆహా, ఎంత గొప్ప మాట పుట్టించానని మురిసిపోయి, నురగ కడుక్కోకుండానే దండోరా వేయించాడు. ఇకమీదట అందరూ ఆ మాట వాడి తీరాలిట. అర్థం అడిగితే మాత్రం చెరసాలట!

ఇంకేముంది, పాలవాడు గుంబుళికంగా పాలు పోశాడు, గాజులవాడు గుంబుళికంగా గాజులు తొడిగాడు, అత్తలు గుంబుళికంగా తిట్టారు, కోడళ్ళు గుంబుళికంగా మూతి తిప్పారు. ఏ వాక్యంలోనైనా ఎలా ఇరుక్కుందో చూశారా? పాలకీ సరిపోయింది, తిట్టుకీ సరిపోయింది. అర్థం లేని మాటతో అదే సుఖం.

ఆ ఊళ్ళోనే పేరిందేవి అని ఓ కోడలు. వాళ్ళ మామగారు సన్యాసయ్యకి నోరు ఊరుకోదు. ఇంతకీ దానర్థం ఏమిటయ్యా అని దండోరా వేసేవాణ్ణే అడిగాడు. పట్టుకుపోయారు. పళ్ళు లేని మనిషి, చెరసాలలో ఆ గట్టి రొట్టెలు ఎలా నములుతాడు? రోజూ ముద్ద మెత్తగా కలిపి పెట్టేది పేరిందేవే. ఆవిడకి అన్నం సహించలేదు.

ఊ కొడుతున్నారా? కళ్ళు మూసుకుంటే మూసుకున్నారు, ఊ మానకండి.

పంట ఇంటికొచ్చాక రాజు ఎవరో ఒకరింట కొత్తబియ్యం అన్నం తినడం అక్కడి ఆచారం. పేరిందేవి కోటకెళ్ళి, మా ఇంటికి రండి, గుంబుళికంగా వండిపెడతానంది. తన మాట తన చెవిన పడేసరికి రాజు పొంగిపోయాడు. భటుల్ని వెంటేసుకొచ్చి విస్తరి ముందు కూర్చున్నాడు.

పేరిందేవి పచ్చిమిరపకాయ పచ్చడి తెచ్చింది. గుంబుళికంగా వడ్డించమంటారా మహారాజా అంది. అంటే కాస్తంతో, బోలెడంతో రాజుకేం తెలుసు? మాట పుట్టించినవాడు తెలీదంటే పరువు పోదూ? సరేనన్నాడు. గరిటెడు పడింది. విస్తట్లో వదిలేస్తే ఆ ఇంటికి అవమానం కదా, కన్నీళ్ళతో మింగాడు. కాకరకాయ వచ్చింది. గుంబుళికమా? గుంబుళికమే. అదీ మింగాడు. మళ్ళీ పచ్చడే వచ్చింది. గుంబుళికమా, మహా గుంబుళికమా? రాజుకి ముక్కు కారింది, మీసాలు తడిశాయి, చెవుల్లోంచి పొగలొచ్చాయి. ఇక ఆగలేక,

"అసలు గుంబుళికం అంటే అర్థం ఏమిటే తల్లీ!" అని అరిచాడు.

భటులు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

పేరిందేవి నెమ్మదిగా మజ్జిగ చేతికిచ్చి, "మా మామగారూ ఇదే అడిగారు మహారాజా. ఆయన పక్కన మీకూ ఓ చాప వేయించమంటారా?" అంది.

రాజు గడగడా తాగి, ముందు సిగ్గుపడ్డాడు, తర్వాత పడీపడీ నవ్వాడు. సన్యాసయ్యని పల్లకీలో ఇంటికి పంపాడు, దండోరా వెనక్కి తీసుకున్నాడు. మామగారికి మెత్తగా ముద్దలు పెట్టి, అప్పుడు పేరిందేవి తనూ కడుపునిండా తింది.

కాబట్టి పిల్లలూ, తెలీనిది అడగండి. అడిగితే కసిరేవాడు ఎదురైతే, వాడికీ తెలీదని తెలుసుకోండి. కథ కంచి బస్సెక్కేసింది, మీరు దుప్పట్లో దూరండి.

ఏమిట్రా కిట్టూ? ఆ పచ్చడి మర్నాడు పొద్దున్న రాజుని ఏం చేసిందంటావా? ఛీ, వెధవా, అదంతా కథలో లేదు. పడుకోండి. పాలు చల్లారిపోతున్నాయి, నేను వెళ్ళి తోడు వెయ్యాలి.