బూజు వంశానికి బహిష్కారం

వానలు విడవకుండా కురిసే ఒకానొక రాజ్యంలో రణభైరవుడనే రాజు ఉండేవాడు. ఒక ఏడు జొన్నచేలకు కాటుక తెగులు తగిలి కంకులు నల్లబడ్డాయి. రాజు పట్టించుకోలేదు. ఆ నెలలోనే ఆయన పట్టాభిషేకపు పట్టుశాలువాకు బూజు పట్టింది. అప్పుడు మాత్రం మండిపడ్డాడు.

"తెగులూ బూజూ ఒకే వంశం ప్రభూ. పుట్టగొడుగులు వాటి దాయాదులు," అన్నాడు ఆస్థాన పండితుడు.

"అయితే ఆ వంశానికంతా దేశబహిష్కారం! వాటికి తిండిగానీ చోటుగానీ ఇచ్చినవాళ్ళకూ అదే శిక్ష!"

మర్నాడే భటులు అంకమ్మను పట్టుకొచ్చారు. అడవిలో పుట్టగొడుగులు ఏరి సంతలో అమ్ముకునే ముసలిది.

"ఈ వయసులో ఎక్కడికి పోను దొరా?" అని ఏడ్చింది.

"వారంలోగా పొలిమేర దాటాలి," అన్నాడు రాజు.

కొలువులో లింగోజి అనే చమత్కారి ఉన్నాడు. "ప్రభూ, కోటలో ఈ శాసనం అమలుచేసే పని నాకివ్వండి," అన్నాడు. రాజు మురిసిపోయి ఇచ్చాడు.

ఆ రోజు నుంచి వంటశాల విస్తళ్ళు, తోటలో రాలిన ఆకులు, గుర్రపుశాల గడ్డి, ఏదీ పెంటగుంటకు పోలేదు. లింగోజి అన్నీ పొయ్యిసెగన ఆరబెట్టించి కొలువుకూటంలో పేర్పించాడు. ఆరో రోజుకు రాజు సింహాసనం చేరాలంటే పక్కకు తిరిగి నడవాల్సివచ్చింది. కిరీటానికి గడ్డిపరకలు.

"ఏమిటయ్యా ఈ చెత్త?"

"తమ శాసనమే ప్రభూ. గుంటలో వేస్తే బూజు తింటుంది. బహిష్కృతులకు తిండి పెట్టిన నేరం నాకెందుకు?"

"మరి ఇన్నాళ్ళూ ఇదంతా ఏమయ్యేది?"

"ఆ వంశంవాళ్ళే తిని ఎరువు చేసేవాళ్ళు. జీతమైనా అడగలేదు. అడవిలో ఆకులు కూడా తెప్పిస్తున్నాను, బళ్ళు దారిలో ఉన్నాయి."

కుప్ప వెనకనుంచి పండితుడు గట్టిగా తుమ్మాడు. రాజుకు నవ్వాగలేదు.

"ఆపించవయ్యా ఆ బళ్ళు! శాసనం రద్దు!" అంటూ మెడలోని ముత్యాలహారం తీసి లింగోజికి వేశాడు. "మరి ఆ వంశంలో మంచేదో చెడేదో ఎవరు తేలుస్తారు?"

"పుట్టగొడుగుల్లో తినేదాన్నీ చంపేదాన్నీ నలభై ఏళ్ళుగా వేరుచేస్తున్నది అంకమ్మే కదా ప్రభూ!"

"అయితే నేటినుంచి ఆమే తీర్పరి," అని రాజు అంకమ్మను కొలువుకు పిలిపించాడు. "మొదటి తీర్పు చెప్పు అవ్వా."

అంకమ్మ కళ్ళు తుడుచుకుంది. చుట్టూ ఉన్న కుప్పలు చూసింది.

"ముందు ఈ ఆకులు గుంటలో వేయించు దొరా. పాపం, వారం నుంచి ఆ వంశంవాళ్ళు పస్తులున్నారు."

రాజు పగలబడి నవ్వుతూ మొదటి మోపు తనే ఎత్తుకున్నాడు.