గుడి మెట్ల మీద పంది

పాతకాలపు గ్రీకు దేశంలో, సముద్రం లోపలికి చొచ్చుకొచ్చిన ఒక చోట, ఒడ్డున ఉన్న చిన్న ఊళ్లో ప్రేమదేవత అఫ్రోడైటీకి ఒక గుడి ఉండేది. దాన్ని కనిపెట్టుకుని ఉండే పూజారిణి నికాండ్రకు డెబ్బై ఏళ్లు. ఎవరైనా ప్రశ్న అడిగితే ఆమె జవాబు చెప్పేది కాదు, అడిగినవాళ్ల చేతికి చీపురు ఇచ్చేది. ఊడుస్తూ ఉంటే సగం ప్రశ్నలు వాటంతటవే సర్దుకుంటాయని ఆమె నమ్మకం. మిగిలిన సగానికి ఆమె ఏం చేసేదో చెప్పడానికే ఈ కథ.

ఆమె శిష్యురాలు ఫిలిన్నకు ముప్పై ఏళ్లు. నికాండ్ర తర్వాత గుడి బాధ్యత ఆమెదే. తండ్రి న్యాయసభల్లో వాదించుకునేవాళ్లకు ప్రసంగాలు రాసిపెట్టేవాడు. ఆ రక్తం ఎక్కడికి పోతుంది, ఫిలిన్నకు ప్రతిదీ తేలిపోవాలి, అటో ఇటో. ఒక వసంతకాలపు ఉదయం ఆమె గురువును పట్టుకుని నిలబెట్టి అడిగింది.

“అమ్మా, మొన్న పండక్కి అవతలి ఒడ్డు గుడికి వెళ్లాను. అక్కడ ఈ దేవతకే పందిని నైవేద్యం పెడుతున్నారు. అంతకుమించిన మర్యాద లేదట. మన దగ్గర పంది నీడ కూడా గుడి మీద పడకూడదంటాం. దేవత ఒక్కతే కదా. తప్పు మనదా, వాళ్లదా?”

నికాండ్ర చీపురు అందించింది.

ఆ రోజు గుడికి ఒక పెళ్లి పని ఉంది. ఆ ఊరి ఆచారం ప్రకారం, భర్త పోయిన స్త్రీ మళ్లీ పెళ్లి చేసుకోవాలంటే ముందు ఈ గుడి గడప దగ్గరకు రావాలి. తనంతట తాను రాకూడదు. పోయినవాడి ఇంటి మనిషి ఎవరైనా చెయ్యి పట్టుకుని తీసుకురావాలి. గడప దాటి లోపలికి వెళ్లేది పూజారిణి, ఆమె శిష్యురాలు మాత్రమే. తక్కినవాళ్లు ఎంతటివాళ్లయినా బయటి నుంచే దండం పెట్టుకోవాలి. వాళ్లు తెచ్చిన అర్పణను ఆ ఇద్దరిలో ఎవరైనా లోపలికి తీసుకువెళితే దేవత ఒప్పుకున్నట్టు. తేకూడనిది తెస్తే తలుపు మూసేస్తారు. ఇక మరుసటి వసంతం దాకా అడగడానికి లేదు.

ఆ రోజు రావలసిన మనిషి పేరు మిర్టో. ఇరవై ఆరేళ్ల పిల్ల. నాలుగేళ్ల కిందట ఆమె భర్త పడవతో సహా మునిగిపోయాడు. ఆ ఇంట్లో మిగిలింది మిర్టో, ఆమె అత్త మెలిత, అంతే. అవతలి ఒడ్డున పడవలు తయారుచేసే డామోన్ ఆమెను చేసుకుంటానని రెండేళ్లుగా అడుగుతున్నాడు. మిర్టోకీ ఇష్టమే. అడ్డమల్లా అత్త. కొడుకును తీసుకుపోయిన సముద్రమే కోడల్ని కూడా తీసుకుపోతుందని ఆమె బాధ. ఆ మాట పైకి అనకుండా రెండేళ్లపాటు మోకాళ్ల నొప్పులని, ద్రాక్షతోట పనులని వాయిదా వేసుకుంటూ వచ్చింది. చివరికి ఆ ఏడు, గడప దాకా వస్తాను పద, అంది. ఆ ముసలావిడ ఇంకా ఏదో సాకు కోసం చూస్తోందని ఊళ్లో చెవులు కొరుక్కున్నారు. ఊళ్లోవాళ్లది నోటి దురదే గాని, ఈసారి వాళ్లన్నది నిజమే.

ఎండెక్కే వేళకు అత్తాకోడళ్లు మెట్లెక్కి వచ్చారు. కాసేపటికి సాకు కూడా వచ్చింది, నాలుగు కాళ్ల మీద. డామోన్ తన చేతుల్తో రెండు శీతాకాలాలు మేపిన పందిని కడిగి, మెడలో పూలదండ వేసి, మెట్ల మీదుగా నడిపించుకు వస్తున్నాడు. అతని ముఖం వెలిగిపోతోంది. వాళ్ల ఊళ్లో ఇంత బలిసిన పందిని తెచ్చిన పెళ్లికొడుకును పదేళ్లు చెప్పుకుంటారు మరి.

పందిని తేకూడదని మిర్టో అతనికి ఒక్క మాట చెప్పి ఉంటే సరిపోయేది. కానీ పుట్టినప్పటి నుంచి తెలిసిన సంగతి తెలియనివాళ్లు కూడా ఉంటారని ఎవరికి తోస్తుంది?

మెలిత మాత్రం నెమ్మదిగా ఊపిరి వదిలింది. “చూశావుగా. దేవతే వద్దంది. ఇంటికి పద.”

గడప మీద నిలబడ్డ నికాండ్ర శిష్యురాలి వైపు తిరిగింది. “రేపు ఈ గుడి నీది. ఏం చెయ్యాలో నువ్వే చెప్పు.”

ఫిలిన్నకు నియమాలన్నీ కంఠతా వచ్చు. “తేకూడనిది తెచ్చారు. తలుపు వెయ్యాలి,” అంది. అన్నదే గాని మిర్టో ముఖం చూడలేకపోయింది.

“నియమం చెప్పావు. ఎందుకో కూడా అతనికి చెప్పు.”

ఫిలిన్న డామోన్‌కు చెప్పింది. దేవత అడోనిస్ అనే కుర్రవాణ్ని ప్రాణంగా చూసుకునేదని, అతను వేటకు వెళితే అడవిపంది కోరతో పొడిచి చంపిందని, ఆమె పరుగెత్తుకుంటూ వెళ్లేసరికే అంతా అయిపోయిందని. పాఠం అప్పజెప్పినట్టే మొదలుపెట్టింది గాని చివరికి వచ్చేసరికి ఆమె గొంతు తగ్గింది. “అప్పటి నుంచి ఆమె ఆ జంతువును చూడలేకపోతోంది. అందుకే మేం తీసుకురాము.”

డామోన్ ముఖంలో వెలుగు ఆరిపోయింది. మా ఊళ్లో అలా కాదే, అనలేదు. పడవ మీద ఎంత కష్టపడి తెచ్చానో తెలుసా, అనలేదు. భుజాన ఉన్న కొత్త శాలువా తీసి పంది మీద కప్పేశాడు. గుడి తలుపుకూ దానికీ మధ్య తాను అడ్డం నిలబడి, వెనక్కి వెనక్కి అడుగులు వేస్తూ దాన్ని కిందికి తోశాడు. పందికి ఈ మర్యాదలేవీ పట్టలేదు. అది గింజుకుంది, అరిచింది, శాలువాను బురదలో తొక్కింది, ఒకసారి అతన్ని కూడా పడదోసింది. అతను లేచి మళ్లీ తలుపుకు అడ్డంగానే నిలబడ్డాడు. దాన్ని కొండ మలుపు అవతల కట్టేసి, మోచేతుల దాకా మట్టితో తిరిగి వచ్చాడు.

“తెలియక తెచ్చానమ్మా. తెలిసుంటే దేవత కంటపడనిచ్చేవాణ్ని కాదు,” అన్నాడు నికాండ్రతో. తర్వాత మిర్టో వైపు తిరిగాడు. “వచ్చే వసంతానికి మళ్లీ వస్తాను.”

మెలిత అతన్ని చాలాసేపు చూసింది. అప్పుడు అడిగింది.

“పడవ ఎక్కడ కట్టావు?”

“రేవులోనే, అత్తా.”

“మా ఇంటి కిటికీలోంచి రేవు కనిపిస్తుంది. నాలుగేళ్లయింది నేనా కిటికీ తెరిచి.”

ఆ మాట మిర్టోకి కూడా కొత్త. గాలి ఎక్కువని మూశానని అత్త ఇన్నేళ్లూ చెబుతూ వచ్చింది.

డామోన్ తల వంచుకున్నాడు. “కొండ వెనక చిన్న ఒడ్డు ఉంది. పిల్ల నాతో వచ్చే రోజు వస్తే, నిన్ను చూడ్డానికి మేం వచ్చినప్పుడల్లా అక్కడే దిగి నడిచి వస్తాం. నీకు పడవ కనపడదు.”

“అక్కడి నుంచి ఎంత దూరం?”

“పూట నడక.”

“ఎండల్లో కూడానా?”

“ఎండల్లో కూడా.”

మెలిత కొంగు ముడి విప్పింది. అందులో నలిగిన ఆకు పొట్లం. పొట్లంలో చిటికెడు ధూపం. వాసన సగం పోయింది. “అబ్బాయి క్షేమంగా తిరిగొస్తే ఈ తల్లికి వేద్దామని కొన్నాను. రాలేదు. పారేద్దామంటే చేతులు రాలేదు.” పొట్లాన్ని నికాండ్ర ముందు పట్టుకుంది. “పోయినవాడి ఇంటి మనిషిని నేనే. ఇది కోడలి పెళ్లికి ఇస్తున్నాను. తీసుకో.”

నికాండ్ర దాన్ని వెంటనే అందుకోలేదు. శిష్యురాలి వైపు చూసింది.

“తేకూడనిది తెచ్చారన్నావు. ఇక్కడ నీకు పంది కనిపిస్తోందా?”

కొండ మలుపు అవతల పంది శాయశక్తులా అరుస్తోంది. ఊరంతటికీ వినిపిస్తోంది. న్యాయసభల ప్రసంగాలు రాసే ఇంట పుట్టిన ఫిలిన్న ఆ అరుపు వింటూ, మిర్టోనూ, మట్టి చేతుల డామోన్‌నూ, ముసలావిడ చేతిలోని పొట్లాన్నీ చూసింది.

“కనిపించడం లేదమ్మా,” అంది.

పొట్లాన్ని తనే రెండు చేతులా తీసుకుని లోపలికి వెళ్లింది. బయట మిర్టో అత్త మెడ చుట్టూ చేతులు వేసి ఏడ్చింది. పొగ గడప దాకా వచ్చేవరకు ముగ్గురూ అక్కడే నిలబడ్డారు. తర్వాత కొండ వెనక దారి ఎలా ఉందో చూసివద్దామని మెలితే ముందు కదిలింది.

అంతా వెళ్లాక ఫిలిన్న గురువు పక్కన వచ్చి కూర్చుంది. ఆమెకు ఉదయం నుంచి ఉన్న పట్టు కొంత సడలింది గాని పూర్తిగా వదల్లేదు.

“అయినా అమ్మా, అవతలి ఒడ్డువాళ్లు పెడుతూనే ఉన్నారు కదా. మరి వాళ్ల మీద దేవతకు కోపం రాదా?”

నికాండ్ర తలుపు దగ్గరగా వేస్తూ అంది:

“ఆమె అక్కడ తన దుఃఖం ఎవరికీ చెప్పుకుని ఉండదు.”