ఎక్కడివాళ్లు అక్కడే

రాళ్లగుట్ట కింద, సీతాఫలం పొదల మాటున ఒక బొరియ. గోళ్లు అరిగేలా దాన్ని తవ్వుకున్నది ఏదుపంది ముళ్లక్క. ఎండాకాలంలో ఆవిడ నీళ్లకోసం వాగు దగ్గరికి వెళ్లిన అదను చూసి అందులో దూరిన ఘనుడు గుంటనక్క గురవయ్య. తగువు కోర్టుకెక్కింది. బొరియ ముళ్లక్కదే, నక్క ఖాళీ చేయాల్సిందే అని ఏనుగు జడ్జిగారు తీర్పు చెప్పారు.

ముళ్లక్క నిండు చూలాలు. వానలు పడేలోగా సొంతింటికి చేరతానని సంబరపడింది. తీర్పు అమలు చేయించే అమీనా కాకిని వెంటబెట్టుకుని వచ్చింది. గురవయ్య మూతి మాత్రం బయటపెట్టాడు.

"అక్కడే ఆగు అక్కా. అమలు మీద స్టే తెచ్చాను."

"గెలిచింది నేనే కదా తమ్ముడూ?"

"నువ్వే."

"బొరియ నాదే కదా?"

"ముమ్మాటికీ నీదే."

"మరి లోపల నువ్వున్నావేం?"

"దాన్నే స్టే అంటారు."

ముళ్లక్కకి తల తిరిగింది. "విచారణ తేలేదాకా ఎక్కడివాళ్లు అక్కడే ఉండాలని ఉత్తర్వు. నేనేం చెయ్యనక్కా?" అంది కాకి.

ఆ స్టే గడువు తీరేలోగా గురవయ్య ఇంకోటి తెచ్చాడు. తీర్పులో బొరియ అని ఉందట, తనుంటున్నది కలుగట! "రెండూ ఒకటే కదయ్యా" అని ముళ్లక్క అంటే, "అది తేల్చాల్సింది కోర్టు" అన్నాడు. గెలిచినవాళ్లు బయట, ఓడినవాళ్లు లోపల అయితే తను ఓడిపోవాల్సిందేమో అనుకుంది ముళ్లక్క. ఎంత ఆలోచించినా బోధపడక ఏడ్చింది పాపం.

రెండో స్టే గడువు తీరిన రోజు పొద్దున్నే గురవయ్య మూడోదానికి కోర్టుకు బయల్దేరాడు. అతనటు వెళ్లాడో లేదో వాన దంచికొట్టింది. ముళ్లక్కకి నొప్పులు మొదలయ్యాయి. తప్పో ఒప్పో ఆలోచించే ఓపిక లేక బొరియలోకి దూరింది. అక్కడే పిల్ల పుట్టింది.

మధ్యాహ్నానికి కాకి తడిసి ముద్దయి వచ్చింది.

"కొత్త స్టే ఇచ్చారు. ఇప్పట్నుంచి ఎక్కడివాళ్లు అక్కడే ఉండాలి."

"అయ్యయ్యో, తప్పయిపోయింది! వచ్చేస్తున్నా."

"కదలకు! కదిలితే ఉత్తర్వు మీరినట్టు!"

"లోపలుంటే తప్పు కాదా?"

"ఇప్పుడు బయటికొస్తేనే తప్పు."

ముళ్లక్కకి మళ్లీ తల తిరిగింది. ఇంతలో గురవయ్య ఊళలు పెడుతూ వచ్చాడు. కాకి గుమ్మంలో అడ్డంగా నిలబడింది.

"ఉత్తర్వు ఇచ్చేటప్పటికి ముళ్లక్క ఎక్కడుంది?"

"నా... లోపల."

"నువ్వో?"

"కోర్టులో."

"మరి ఇక్కడేం పని?"

గురవయ్య వచ్చిన దారినే పరుగెత్తాడు. "అయ్యా, నా స్టే కొట్టేయండి!" అని జడ్జిగారి కాళ్లమీద పడ్డాడు.

"కొట్టేస్తే తీర్పు అమలవుతుంది, బొరియ ఆవిడదే. ఉంచితే లోపలున్నది ఆవిడే. ఏం చేయమంటావ్?" అన్నారు జడ్జిగారు, చెవులు ఆడిస్తూ.

బొరియలో ముళ్లక్క పసికూనను పొదువుకుని అడిగింది: "ఇంతకీ నేను గెలిచినట్టా, ఓడినట్టా?"

"నాకూ తెలీదక్కా. వాన తగ్గేదాకా కాస్త చోటిస్తావా?" అంది కాకి.

నీతి: తీర్పును ఆపడానికి కోర్టుల చుట్టూ తిరిగేవాడికి ఇంటిపట్టున ఉండే రాత ఉండదు.