చెడుగుడులో చచ్చిపోయిన గవరయ్య

గొల్లగరువులో జోగులు ఇంటివాళ్ళకు ఒకటే దిగులు. లోకంలో ఉన్న తెలివంతా తమ ఇంట్లోనే చేరిపోయిందే, కారిపోతే ఎలాగా అని. అందుకని పొలానికి వెళ్ళేటప్పుడు తలుపుకు తాళం వేసి, కిటికీలకు గోనెపట్టాలు కట్టి, కప్పు చిల్లుల్లో గడ్డి కుక్కేవారు. ఆ తెలివిని ఐదుగురు పంచుకునేవారు: ముసలమ్మ సన్నాసమ్మ, ఆమె కొడుకులు జోగులు, గవరయ్య, దాలయ్య, గవరయ్య పెళ్ళాం నూకాలు.

ఒకనాడు కాలవ అవతలి ఊరివాళ్ళు చెడుగుడు ఆడదాం రమ్మని కబురు పెట్టారు. అన్నదమ్ములు ఆ ఆట ఎన్నడూ చూసినవాళ్ళు కారు. అయినా తెలివి ఉండగా భయమెందుకని వెళ్ళారు. అవతలి జట్టుకు పెద్ద దర్జీ లోవరాజు, మెత్తని మనిషి. ఓపిగ్గా ఆట వివరించాడు. కూత పెట్టి వచ్చినవాడు తాకి గీత దాటిపోతే, తాకించుకున్నవాడు చచ్చినట్టు. చచ్చినవాడు బయట కూర్చోవాలి. వాడి తరఫువాళ్ళు అవతలివాణ్ణి ఒకణ్ణి చంపితే వీడు మళ్ళీ బతుకుతాడు.

అన్నదమ్ముల ముఖాలు పాలిపోయాయి. ఇంత ప్రమాదమైన ఆటను పగటిపూట, పిల్లల ముందు ఆడతారా అనుకున్నారు. వెనక్కి తగ్గితే పరువు పోతుందని గీత ఇవతల నిలబడ్డారు. లోవరాజు కూత పెట్టుకుంటూ వచ్చి, గవరయ్య భుజం మీద ఒక్క వేలు ఆనించి, వెళ్ళిపోయాడు.

అంతే. గవరయ్య చచ్చాడు.

అతను ఒళ్ళంతా తడిమి చూసుకున్నాడు. ఊపిరి ఆడుతూనే ఉంది. అయినా మాటంటే మాటే కదా, వెళ్ళి బయట కూర్చున్నాడు. రక్తం లేకుండా, కేక లేకుండా, వేలితో మనిషిని తీసేసిన లోవరాజును చూసి జోగులు, దాలయ్య పంచెలు ఎగగట్టి కాలవ దాటేశారు. ఇంకేముంది, ఆట ఆగిపోయింది. గవరయ్యను బతికించే దిక్కు లేకుండా పోయింది.

అతను నెమ్మదిగా వాళ్ళ వెనకాలే ఇంటికి చేరాడు. అప్పటికే ఏడుపులు మొదలయ్యాయి. తనూ కాసేపు ఏడ్చి, అరుగు మీద కూర్చున్నాడు. మొదట్లో చావు సుఖంగానే ఉంది. దుక్కి దున్నమనేవాళ్ళు లేరు, నీళ్ళు తోడమనేవాళ్ళు లేరు. ఆకలేసినప్పుడు తెలిసింది అసలు సంగతి. నూకాలు విస్తరిలో కూర కలిపిన అన్నం ముద్దలు పెట్టి, వాకిట్లో ఉంచి, కాకుల్ని పిలిచి లోపలికి పోయింది. గవరయ్య కాకులతో కొట్లాడి నాలుగు ముద్దలు తిన్నాడు. ఒక కాకి అతని చెవి పొడిచింది.

కూర ఉప్పన్నాడు. ఎవరూ పలకలేదు. చచ్చినవాళ్ళతో మాట్లాడితే ఇంటికి మంచిది కాదని సన్నాసమ్మ అందరినీ కట్టడి చేసింది. వీపు దురదపెడితే స్తంభానికి రుద్దుకున్నాడు. పొద్దుటా సాయంత్రం తిట్టందే తోచని నూకాలు ఇప్పుడు ఇరుగమ్మలతో, మా ఆయనంత మంచివాడు పుట్టడమ్మా, ఎంత తిట్టినా నోరెత్తేవాడు కాదని చెప్పుకుని ఏడుస్తోంది. గవరయ్య మొదట పొంగిపోయాడు. తర్వాత, ఆ మాటేదో నాతో అనొచ్చు కదా అనిపించింది. తిట్టు లేక అతని చెవులు బావురుమన్నాయి. ఎలాగైనా మళ్ళీ బతకాలనుకున్నాడు. అవతలివాణ్ణి ఎవరు చంపుతారో తెలియలేదు.

ఈలోగా జోగులు, శవాన్ని ఇలా అరుగు మీద ఉంచకూడదని పాడె కట్టాడు. మోయడానికి నలుగురు కావాలి. అన్నదమ్ములిద్దరూ, నూకాలూ కలిసి ముగ్గురే తేలారు. సన్నాసమ్మకు నడుము వంగదు. తనవాళ్ళ అవస్థ చూడలేక గవరయ్యే వచ్చి నాలుగో కొమ్ము భుజానికెత్తుకున్నాడు. ఖాళీ పాడె ఊరేగింది. వెనకాలే సన్నాసమ్మ ఏడుస్తూ నడిచింది.

"అన్న బతికుండగా ఇంత తేలిగ్గా లేడు," అని దాలయ్య కళ్ళు ఒత్తుకున్నాడు.

శ్మశానంలో కట్టెలు పేర్చారు. జోగులు నిప్పుకుండ పట్టుకుని, ఎక్కమని గవరయ్యకు సైగ చేశాడు. గవరయ్య ఒక కాలు కట్టెల మీద పెట్టాడు. రెండోది రానంది. ఇక్కడిదాకా తనను తాను మోసుకొచ్చినవాడు ఇప్పుడు ఆ కాలూ దించేసుకున్నాడు.

అప్పుడే లోవరాజు రొప్పుతూ పరుగెత్తుకొచ్చాడు. మెడలో కొలతల టేపు అలాగే ఉంది. తన చేతిలో గవరయ్య పోయాడని కబురు తెలిసి, కుడుతున్న చొక్కా మిషను మీదే వదిలేసి వచ్చాడు.

"మరి ఎవరండీ పోయింది?" అన్నాడు, నిలబడి ఉన్న గవరయ్యను చూసి తెల్లబోయి.

"నేనే బాబూ," అన్నాడు గవరయ్య. తనను పలకరించిన మనిషి దొరికాడన్న సంతోషంతో కాకి చెవి పొడిచిన సంగతీ చెప్పుకున్నాడు.

అవతలి జట్టువాణ్ణి చూడగానే, అన్నదమ్ములు చెప్పిన ఆట గుర్తొచ్చి నూకాలుకు తెలివి మెరిసింది. కట్టెపుల్లతో నేలమీద గీత గీసి, కొంగు బిగించి, కూత పెట్టుకుంటూ వెళ్ళి లోవరాజును తాకి గీత ఇవతలికొచ్చి పడింది. గవరయ్య బతికాడు. బతికాడో లేదో, ఆవిడ అందుకుంది.

"తాకడానికొస్తుంటే తప్పుకోవాలని తెలీదా? గుంజలా నిలబడ్డావా? పశువులకి గడ్డెవడు వేస్తాడనుకున్నావు?"

గవరయ్య ఆనందంతో వెక్కి వెక్కి ఏడ్చాడు.

కాని లోవరాజు చచ్చాడు కదా. పాడె, కట్టెలు, నిప్పు అన్నీ సిద్ధంగా ఉన్నాయి, వృథా చేయడమెందుకన్నాడు జోగులు. నేను బతికే ఉన్నానని లోవరాజు ఎంత మొత్తుకున్నా ఎవరూ పలకలేదు. దాలయ్య అతని ముందుకు పాడె ఈడ్చుకొచ్చాడు. గవరయ్య లోవరాజు ముఖం చూశాడు. అరుగు మీద కూర్చున్నప్పటి తన ముఖమే అది. గీత దాటి వెళ్ళి చెయ్యి చాపాడు.

"ఒక్కడివే చావడం మహా కష్టం బాబూ. నన్ను తాకు, తోడుంటాను."

లోవరాజు ఆ చేతిని గట్టిగా పట్టేసుకున్నాడు. ఇంకేముంది, గవరయ్య మళ్ళీ చచ్చాడు. ఇంకా సగమే తిట్టానని నూకాలు వెళ్ళి లోవరాజు ఇంకో చెయ్యి పట్టుకుంది. పిల్లలక్కడ కబుర్లాడుకుంటుంటే ముసలిదాన్ని నాకెవరున్నారని సన్నాసమ్మ వెళ్ళింది. ఆ నలుగురి సందడీ చూసి ఉండలేక దాలయ్య, జోగులు కూడా నిప్పుకుండ పక్కన పెట్టి వెళ్ళి చచ్చారు. అంటించడానికి ఒక్కడూ మిగల్లేదు.

లోవరాజుకు ప్రాణం కుదుటపడింది. "ఆటలో ఇంకో పద్ధతుంది. జట్టంతా చస్తే జట్టంతా మళ్ళీ లేస్తుంది. మీరంతా చచ్చారు, కాబట్టి అంతా బతికారు," అన్నాడు. అందరూ ఒకరినొకరు కావలించుకున్నారు, లోవరాజునూ వదల్లేదు. అతను ఎలాగో విడిపించుకుని కాలవ దాటేశాడు.

ఇకమీదట ఇంట్లో ఎవరినీ ఒంటరిగా వదలకూడదని ఐదుగురూ ఒట్టు పెట్టుకుని, పాడె తాడుతో నడుములు కట్టుకుని, వరసగా చెట్టాపట్టాలేసుకుని ఇంటికొచ్చారు. ఐదుగురూ ఒకేసారి గుమ్మంలో పట్టలేదు. గుమ్మం ఇరుకైపోయిందని భుజాలతో తోశారు. అంతే, ముందు గోడ కూలింది. దాని వెనకే కప్పు కూర్చుంది.

"అయ్యో, ఇల్లు చచ్చింది," అంది నూకాలు.

జోగులు నవ్వాడు. ఒక్కటే చచ్చింది కనకే లేవడం లేదు, జట్టంతా చస్తే అదే లేస్తుందని విడమరచి చెప్పాడు. అందరూ ఔరా అన్నారు. ఇంకేముంది, పశువుల్ని విప్పి సావిడి పడగొట్టారు. వంటపాక పడగొట్టారు. గాదె పడగొట్టారు. పని ముగించి వాకిట్లో వరసగా కూర్చున్నారు. నూకాలు తిడుతూ గవరయ్య వీపు గోకుతోంది. గవరయ్య హాయిగా కళ్ళు మూసుకున్నాడు. చాలాసేపు చూశారు. ఏదీ లేవలేదు.

ఇంకా ఎందుకు ఆలస్యమవుతోందా అని గవరయ్య కళ్ళు తెరిచి చుట్టూ చూశాడు. పెరట్లో కోళ్ళగూడు ఒక్కటి నిలబడి ఉంది.

"అదిగో, అదొక్కటి బతికుంది," అన్నాడు.

ఐదుగురూ ఒక్కసారే లేచి, చేతులు పట్టుకుని అటు నడిచారు.