నడుము లేని కందిరీగ

అనగనగా ఒక రాజు. ఆ రాజుకు ముగ్గురు కొడుకులు. ముగ్గురే ఎందుకని నన్నడక్కండి, రాజులకు ముగ్గురే పుడతారు! మూడోవాడి పేరు హేమాంగదుడు. వాడికి వాళ్ళమ్మ మాలతీదేవి అంటే ప్రాణం. ఆవిడకేమో గులాబీలంటే ప్రాణం. పొద్దున లేస్తూనే చిన్నకొడుకును వెంటేసుకుని తోటకు వెళ్ళేది. ఆకు మీద పురుగు కనిపించిందా, నెమలి ఈకతో నిప్పుల కుంపట్లోకి దులిపేసేది. ఆ ఇంట్లో అందరికీ అదే అలవాటు.

ఒకనాడు ధూమ్రకేశుడనే మాంత్రికుడు వచ్చి, "నీ చిన్నకొడుకును నాకు శిష్యుడిగా ఇయ్యి" అన్నాడు.

"చస్తే ఇవ్వను" అంది రాణి.

వాడికి ఒళ్ళు మండింది. ఆవిణ్ణి పసుపూ నలుపూ చారల పురుగుగా మార్చేశాడు. "ఏడు సముద్రాల అవతల, నా తోటలో గులాబీ చెట్టు మీద ఉంటుంది మీ రాణి. అదే చెట్టు మీద అచ్చం అలాంటి చారలతోనే ఒక కందిరీగ ఉంది. నా ప్రాణం దాంట్లో ఉంది. చేతనైతే ఏది ఏదో తేల్చుకుని చంపండి!" అని విర్రవీగి మరీ పోయాడు. పొరపాటు పడ్డారో, అమ్మ ప్రాణం పోతుందన్నమాట.

పెద్దవాడు వెళ్ళాడు. ఏది ఏదో తెలియక తటపటాయిస్తుంటే కందిరీగ కుట్టింది, రాయైపోయాడు. రెండోవాడు వెళ్ళాడు. వాడూ తటపటాయించాడు, వాణ్ణీ కుట్టింది, వాడూ రాయైపోయాడు. ఇక మిగిలింది హేమాంగదుడు.

వాడు ఏడు సముద్రాలూ దాటి తోట దగ్గరికి చేరేసరికి, ముళ్ళకంచెలో ఒక ముసలి తొండ చిక్కుకుని గిలగిల్లాడుతోంది. అయ్యో పాపం అని విడిపించాడు.

"చల్లగా ఉండు నాయనా! పురుగులు తిని బతికేదాన్ని, పురుగుల సంగతి నాకు తెలిసినట్టు ఎవరికి తెలుస్తుంది? నీకు మూడు గుర్తులు చెప్తా విను" అంది తొండ.

"తొందరగా చెప్పవ్వా, మా అమ్మ అక్కడుంది!"

"కందిరీగకు నడుము దారమంత సన్నం. మీ అమ్మకు ఇప్పుడు నడుమే లేదు, మెడ నుంచి తోక దాకా ఒకటే లావు. అది ఒకటి. కందిరీగ తోకలో ముల్లుంటుంది. మీ అమ్మ ఇప్పుడు రంపపు ఈగ, తోకలో ఉండేది చిన్న రంపం. కుట్టదు, కుట్టలేదు పిచ్చిది. నాలాంటి వాళ్ళు జడుసుకోవాలని కందిరీగ చీర కట్టుకుందంతే. అది రెండు. ఆ రంపం దేనికంటే..."

"రెండు చాలవ్వా!" అంటూ వాడు పరుగందుకున్నాడు.

"ఆగరా అబ్బాయ్, అసలు సంగతి మూడోదే!" అని తొండ అరిచింది. వింటేగా!

గులాబీ చెట్టు మీద చారల పురుగులు రెండు కనిపించాయి. వాడు వంగి నడుములు చూశాడు. సన్న నడుముది రయ్యిమని మీదికొచ్చింది. కత్తి తిప్పి ఒక్క వేటు! అంతే, మాంత్రికుడు కుప్పకూలాడు, రాళ్ళైన అన్నలు ఒళ్ళు విరుచుకుని లేచారు. వాళ్ళ సంతోషం ఏం చెప్పమంటారు!

"అమ్మా, రా, నా చేతి మీదికి రా" అన్నాడు హేమాంగదుడు. రంపపు ఈగ ఆకు వదల్లేదు, వదిలితేగా మళ్ళీ మనిషయ్యేది! చూస్తే ఆకు కింద బోలెడు పచ్చ పురుగులు, ఆకును కరకర నమిలేస్తున్నాయి. వేలు తగలగానే తోకలు పైకెత్తాయి. "ఛీ, మా అమ్మ కూర్చున్న ఆకునే తింటారా!" అని వాడు మొలలో దోపుకున్న నెమలి ఈక తీసి, పక్కనే రగులుతున్న మాంత్రికుడి హోమగుండంలోకి ఒక్కటి మిగలకుండా దులిపేశాడు. ఈగ వాడి చేతి చుట్టూ గిరగిరా తిరిగింది. అమ్మకు ఎంత సంతోషమో అనుకున్నాడు వెర్రినాగన్న.

ఆ తర్వాత అది వాడి అరచేతిలో వాలి, రాణిగా మారింది. కొడుకును కావలించుకోలేదు. వంగి ఆకు తిరగేసి చూసింది.

"నా పిల్లలేరిరా?" అంది.

కుంటుకుంటూ అప్పటికి చేరింది తొండ. "రంపంతో ఆకు కోసి, ఆ చీలికలో గుడ్లు దాచుకుంటుందిరా. పిల్లలు చూడ్డానికి గొంగళిపురుగుల్లా ఉంటాయి, కడుపు కింద కాళ్ళు మాత్రం ఎక్కువ. ఇంకాస్త తిని మట్టిలోకి దిగి గూళ్ళు కట్టుకునేవి, రెక్కలొచ్చి లేచేవి. ఇదేరా నే చెప్పబోయిన మూడోది" అంది.

హేమాంగదుడు అమ్మ కాళ్ళ మీద పడ్డాడు. "కొట్టమ్మా, తిట్టమ్మా, రెండో మాటకే పరుగెత్తుకొచ్చాను" అని వెక్కి వెక్కి ఏడ్చాడు.

"నిన్నేమని తిట్టనురా? నేర్పింది నేనేగా" అంది ఆవిడ. ఒక్క దెబ్బ వేసినా వాడికి కాస్త తేలికపడేది. వెయ్యలేదు.

నలుగురూ ఇల్లు చేరారు. హేమాంగదుడికి కుంతలదేశపు రాజు కూతురితో ఆకాశమంత పందిరి వేసి పెళ్ళి చేశారు, పట్టం కట్టారు. ఆయన ఏలినన్నాళ్ళూ వానలు కురిశాయి, పంటలు పండాయి, ఎవరికీ ఏ లోటూ లేదు. కానీ ఎవరైనా కొత్త చుట్టాలొచ్చి, మాటవరసకు మాలతీదేవిని, "రాణమ్మగారూ, మీకు ఎంతమంది పిల్లలు?" అని అడిగితే మాత్రం, ఆవిడ జవాబు చెప్పేలోపే రాజు లేచి బయటికి వెళ్ళిపోయేవాడు.