ఏమంటివి ఓబులా?

అనగా అనగా, మీ తాతల తాతలకు పాలపళ్ళయినా రాని కాలంలో, కొండకింద ఒక పాలెం. ఆ పాలేనికొక పాలెగాడు. వాడి పేరు నేను చెప్పను. చెబితే నా నోరు కడుక్కోవాల.

ఆ పాలెంలో సుంకమ్మ అని ఒకామె. ఈతాకు చీపుర్లు కట్టి అమ్ముకుని బతికేది. మొగుడు లేడు. ఉన్నదల్లా ఒక్క బిడ్డ, రంగి.

ఒకేడు వాన లేదు. మరుసటేడూ లేదు. మూడో ఏడు పాలెగాడు కోటలో పాత పాతర తవ్వించినాడు. నేలలో గుంట తీసి గింజలు దాచి పైన బండ మూస్తారే, అదే పాతర. లోపలికి నీళ్ళు దిగి కొర్రలు నల్లగా బూజు పట్టినాయి. కోట గుర్రాలు మూతి కూడా పెట్టలేదు. గుర్రాలు ముట్టని గింజ తెచ్చి మనుషులకు పంచినాడు! దానమంట, దానం!

సుంకమ్మ ఆ కొర్రలు కడిగింది, ఎండబోసింది, దంచి వండింది. తాను పస్తుండి బిడ్డకు పెట్టింది. తెల్లారేసరికి రంగి లేదు. ఆ వీధిలో, ఈ వీధిలో, ఎన్ని పాడెలు లేచినాయో!

బిడ్డను పూడ్చిన మట్టి ఇంకా ఆరలేదు, దండోరా వచ్చింది. తలారి ఓబులు తప్పెట కొట్టి అరిచినాడు.

"వినండహో! తల్లులు అమ్మవారి మొక్కు మరిచినందుకే పిల్లలు చచ్చినారహో! వేరే మాట అన్నోళ్ళకు కొరడా దెబ్బలహో!"

సుంకమ్మకు ఒళ్ళు భగ్గుమంది. బిడ్డను చంపింది వాళ్ళు, నింద మోసేది తనా?

ఆ పాలెంలో ఒక కట్టుండేది. దండోరా అయినాక "ఏమంటివి?" అని ఎవరైనా అడగొచ్చు. అడిగితే తలారి విప్పి చెప్పాల్సిందే. చెప్పకపోతే ఆ ఉత్తరువు చెల్లదు. మునుపెప్పుడో, అర్థంగాని ఉత్తరువులకు దెబ్బలు తిన్నోళ్ళు పట్టుబట్టి సాధించుకున్న కట్టు అది.

సుంకమ్మ వీధి నడుమకు వచ్చింది.

"ఏమంటివి ఓబులా? వేరే మాటంటే ఏ మాట?"

"అదే... పాతర గింజలు తిని చచ్చినారనే మాట."

వీధంతా విన్నది. కోటలో పాలెగాడు పళ్ళు కొరికినాడు. మర్నాడు మళ్ళీ దండోరా.

"వినండహో! ఆ మాట ఎవరూ అనగూడదహో!"

"ఏమంటివి ఓబులా? ఏ మాట?"

"నిన్న చెప్తినే తల్లీ, మళ్ళీ ఎందుకు!"

"కట్టు ఉందా లేదా? చెప్పు."

"గుర్రాలు ముట్టని గింజ మనుషులకు పెట్టినారనే మాట!" అనేసినాడు ఓబులు. వాడి గొంతు నిన్నటికంటే గట్టిగా వచ్చింది.

మూడోసారి తప్పెట మోగింది. ఈసారి ఓబులు వెనక బల్లేలతో బంట్లు.

"వినండహో! ఇకమీదట దండోరా అయినాక ఎవరూ ఏమీ అడగగూడదహో!"

జనం తలలు దించుకున్నారు. సుంకమ్మ దించలేదు.

"ఏమంటివి ఓబులా? ఏమని అడగగూడదు?"

ఓబులు బల్లేలను చూసినాడు. సుంకమ్మను చూసినాడు. వాడి మనవడు కూడా ఆ గింజే తిని పోయినాడు.

"నా మనవణ్ణి ఎందుకు చంపినావని అడగగూడదంట! సుంకమ్మ రంగిని ఎందుకు చంపినావని అడగగూడదంట!"

బంట్లు ఓబులును మట్టిలో పడదోసి తన్నినారు. సుంకమ్మను జుట్టు పట్టి ఈడ్చుకుపోయినారు. అదే పాతరలోకి తోసి, పైన బండ మూసినారు. ఛీ, వాళ్ళవీ ఒక బతుకులేనా!

మర్నాడు ఓబులు కుంటుకుంటూ వచ్చినాడు. వెనక అవే బల్లేలు.

"వినండహో! చీపుర్ల సుంకమ్మ ఊరొదిలి పారిపోయిందహో!"

అంతలో బిడ్డను పోగొట్టుకున్న ఇంకో తల్లి గడప దాటింది. "ఏమంటివి ఓబులా?" అనింది. పక్కింటామె అనింది. ఎదురింటి ముసలాయన అన్నాడు. ఆఖరికి పాలెమంతా అనింది.

ఓబులు తప్పెట కింద పెట్టినాడు. "పాతరలో ఉంది. రండి."

అంతమందిని బల్లేలు ఆపలేకపోయినాయి. బండ తీసినారు. సుంకమ్మ లోపల ఊపిరాడక చచ్చిపోయింది. బండ అడుగున గోళ్ళతో గీరిన గీతలున్నాయి.

కోట కూలిందా అంటారా? కూలలేదు. పాలెగాడు ముసలోడయి, మెత్తని పరుపు మీదే పోయినాడు. అది తలుచుకుంటే నాకు ఇప్పటికీ కడుపు రగిలిపోతాది. అయితే అడగగూడదనే ఉత్తరువు ఆ పాలెంలో మళ్ళీ వెయ్యలేదు. వాడూ వెయ్యలేదు, వాడి కొడుకూ వెయ్యలేదు.

ఆ పక్క ఊళ్ళల్లో ఇప్పటికీ అంతే. మైకు కట్టిన ఆటో వచ్చి ఏ ఉత్తరువు చదివినా, వీధి ఊడుస్తున్న ఆడమనిషి ఎవరో ఒకరు చీపురు చేతిలో పట్టుకునే ఆటోకు అడ్డమొస్తాది. "ఏమంటివి?" అంటాది. జవాబు చెప్పిందాకా ఆటోను కదలనియ్యరు.