మునగని చెయ్యి

ఎక్కడో పడమటి కొండల్లో, ఏరు వెండిలా మెరిసే రాజ్యంలో, రాజు కొత్తగా క్రీస్తును నమ్ముకున్నాడు. నిన్నటిదాకా క్రీస్తు భక్తుల్ని చంపించిన ఆ రాజే, పొద్దుగూకేలోగా అందరూ ఏట్లో మునిగి బాప్తిస్మం పొందాలని, మునగనివాళ్ల తల తీయిస్తానని చాటింపు వేయించాడు.

పొద్దుగూకింది. "పడవవాడు వర్దాను తల్లి ఒక్కతే మిగిలింది ప్రభూ. జ్వరమని రాలేదట" అంటూ సేనాపతి కత్తి దూశాడు.

వర్దాను రాజుకు దణ్ణం పెట్టాడు. "ముందు సేనాపతిగారి కుడిచెయ్యి నరికించండి ప్రభూ. తర్వాత మా అమ్మ దగ్గరికి వెళ్దాం."

ఒడ్డంతా కొయ్యబారిపోయింది.

"వెర్రెక్కిందా నీకు?" అన్నాడు రాజు.

"పొద్దున సేనాపతిగారు నా పడవ పక్కనే ఏట్లో మునిగారు. కత్తి పట్టే చెయ్యి మాత్రం పైకెత్తి ఉంచారు. అది మునగలేదు కదండీ."

సేనాపతి నసిగాడు. "క్రీస్తు చంపొద్దన్నాడట ప్రభూ. ఈ చెయ్యి కూడా ఆయనకిచ్చేస్తే యుద్ధాలెవరు చేస్తారు?"



వర్దాను గొంతు తగ్గించాడు. "ఆ వరసలోనే మీరూ మునిగారు ప్రభూ. నీళ్లపైన ఇంకెవరి చెయ్యి కనబడిందో నన్ను అడక్కండి."

రాజు ముఖం పాలిపోయింది.

"ముసలమ్మ జోలికి ఎవరూ పోవద్దు" అన్నాడు, కుడిచెయ్యి శాలువాలోకి లాక్కుంటూ.